పాత డెస్క్‌టాప్‌లో ఫోన్ ఆటలు ఆడటానికి పాత ఆండ్రాయిడ్ ఎమ్యులేటర్ పనికొస్తుందా?

మున్నేరు_ఒడ్డు (ప్రశ్న)

అందరికీ నమస్కారం. మా నాన్నగారికి 68 ఏళ్లు. ఆర్టీసీలో డ్రైవరుగా పనిచేసి పదవీ విరమణ చేశారు. మస్కట్‌లో ఉన్న మా అక్కతోనూ, ఆమె పిల్లలతోనూ ప్రతి శుక్రవారం సాయంత్రం ఫోన్‌లో లూడో కింగ్ ఆడటం ఆయనకు వారమంతా ఎదురుచూసే కార్యక్రమం. చిన్నతనంలో అష్టాచెమ్మాలో ఊరంతటికీ పేరుపడిన మనిషి కావడంతో ఈ ఆట ఆయనకు ఇట్టే పట్టుబడింది. అయితే చక్కెర వ్యాధి వల్ల ఏడాదిగా వేళ్ల కొసలు మొద్దుబారి, ఒక కాయను తాకబోతే పక్క కాయ కదులుతోంది. పోయినేడు రెండు కళ్లకూ శుక్లాల ఆపరేషన్ జరిగింది కాబట్టి చిన్న తెర మీద ఎక్కువసేపు చూడటం కూడా కష్టంగానే ఉంది. పెద్ద మానిటర్, చేతికి నిండుగా అందే మౌస్ ఉంటే ఆయన హాయిగా ఆడుకోగలరని నా ఆలోచన.

ఇంట్లో 2012లో కొన్న డెస్క్‌టాప్ ఉంది. ఇంటెల్ ఐ3-2100 ప్రాసెసర్, హెచ్61 బోర్డు, 4 జీబీ ర్యామ్, 500 జీబీ హార్డ్ డిస్క్, 22 అంగుళాల మానిటర్. విడిగా గ్రాఫిక్స్ కార్డు లేదు. విండోస్ 10 64-బిట్ నడుస్తోంది. ఫోన్ యాప్‌లను కంప్యూటర్‌లో నడిపే ప్రోగ్రామునే ఎమ్యులేటర్ అంటారట. మొదట ఇప్పుడు ప్రచారంలో ఉన్న ఒక కొత్త ఎమ్యులేటర్‌ను వేసి చూశాను. అది తెరుచుకోవడానికే ఆరేడు నిమిషాలు పట్టింది, పాచిక వేస్తే అది దొర్లి ఆగేలోపు ఆట ఆగిపోయింది. ఆ తర్వాత మా వీధిలోని ఇంటర్నెట్ సెంటర్ ఆయన, పాత వెర్షన్లే తేలికగా నడుస్తాయని చెప్పి, ఆండ్రాయిడ్ 4.4 ఉన్న ఒక పాత ఎమ్యులేటర్‌ను పెన్‌డ్రైవ్‌లో ఇచ్చారు. నిజంగానే అది నిమిషంలో తెరుచుకుంది. కానీ గూగుల్ ఖాతాతో లాగిన్ కావడం లేదు, ప్లే స్టోర్ తెరుచుకోవడం లేదు. ఆట ఫైలును విడిగా తెచ్చి వేస్తే ‘యాప్ ఇన్‌స్టాల్ కాలేదు’ అంటోంది.

కొత్తది నడవడం లేదు, పాతది ఆటను రానివ్వడం లేదు. ఈ రెంటికీ మధ్య మా యంత్రానికి సరిపడే పాత వెర్షన్ ఏదైనా ఉందా? పాత ఎమ్యులేటర్లు వాడటంలో ప్రమాదం ఏమైనా ఉందా? అనుభవం ఉన్నవారు దయచేసి చెప్పగలరు.

పెన్నా_మరమ్మతులు

మున్నేరు గారూ, నెల్లూరులో 18 ఏళ్లుగా కంప్యూటర్ల మరమ్మతు చేస్తున్నాను. మీలాంటి యంత్రాలు ఇప్పటికీ వారానికి రెండు మూడు నా బల్ల మీదికి వస్తుంటాయి కాబట్టి కొంచెం వివరంగా రాస్తాను.

పాత ఎమ్యులేటర్ అన్నప్పుడు మనం రెండు వయసులను కలిపేస్తున్నాం. విండోస్ మీద నడిచే ప్రోగ్రామ్ వయసు ఒకటి, దాని లోపల ఉండే ఆండ్రాయిడ్ వయసు ఇంకొకటి. ఉదాహరణకు బ్లూస్టాక్స్ 2లో ఆండ్రాయిడ్ 4.4 ఉండేది. 2018లో వచ్చిన బ్లూస్టాక్స్ 4లో 7.1 ఉంది. 2021లో వచ్చిన బ్లూస్టాక్స్ 5లో 7.1 కావాలా, అంతకన్నా కొత్తది కావాలా అన్నది మనమే ఎంచుకోవచ్చు. కాబట్టి ప్రోగ్రామ్ కొత్తదిగానే ఉంచి, లోపలి ఆండ్రాయిడ్‌ను మాత్రం పాతది, తేలికైనది పెట్టుకునే వీలుంది. మీకు నేను చెప్పేది ఈ దారే, లోపల 7.1 ఎంచుకోండి. మీరు మొదట వేసిన కొత్త ఎమ్యులేటర్ బహుశా ఆండ్రాయిడ్ 9నో 11నో తెరిచి ఉంటుంది. 4 జీబీ ర్యామ్‌లో సగం వరకూ విండోస్ 10 తన కోసమే వాడుకుంటుంది కాబట్టి, మిగిలిన చోటులో అవి ఇమడలేవు.

4.4లో ఆట ఎందుకు రాలేదో కూడా చెబుతాను. ప్రతి యాప్ ఫైలులోనూ కనీసం ఏ ఆండ్రాయిడ్ ఉండాలో రాసి ఉంటుంది, అంతకన్నా పాతది కనబడితే అది ఇన్‌స్టాల్ కావడానికి నిరాకరిస్తుంది. ఇక గూగుల్ లాగిన్, ప్లే స్టోర్ ఆధారపడే గూగుల్ ప్లే సర్వీసెస్‌కు ఆండ్రాయిడ్ 4.4లో కొత్త వెర్షన్లు 2023 ఆగస్టుతో ఆగిపోయాయి. ఎక్కడి నుంచో పాత ఆట ఫైలు తెచ్చి ఎక్కించినా, అక్కగారి ఫోన్‌లో కొత్త వెర్షన్ ఉన్నప్పుడు ఇద్దరూ ఆటలో ఒకే గదిలో కలుస్తారన్న నమ్మకం లేదు.

వేగం విషయానికి వస్తే, ముందుగా టాస్క్ మేనేజర్ తెరిచి, పెర్ఫార్మెన్స్ విభాగంలో సీపీయూ మీద నొక్కి, కింద ‘వర్చువలైజేషన్’ అన్న చోట ఏముందో చూడండి. ‘డిజేబుల్డ్’ అని ఉంటే మీ కష్టంలో పెద్ద వాటా దానిదే. ఒక కంప్యూటర్ లోపల ఇంకొక కంప్యూటర్‌ను వేగంగా నడపడానికి ప్రాసెసర్ ఇచ్చే సదుపాయం ఇది. మీ ఐ3-2100లో ఇది ఉంది, కానీ హెచ్61 బోర్డుల్లో చాలావాటికి అది బయోస్‌లో, అంటే విండోస్ కన్నా ముందు తెరుచుకునే బోర్డు సెట్టింగులలో, ఆపివేసి ఉండటం నేను చూశాను. కంప్యూటర్ ఆన్ అవుతుండగా డిలీట్ మీటను గానీ ఎఫ్2ను గానీ నొక్కి బయోస్‌లోకి వెళ్లి, ‘ఇంటెల్ వర్చువలైజేషన్ టెక్నాలజీ’ అన్నదాన్ని ఆన్ చేయండి. ఏఎమ్‌డీ యంత్రాలలో దీన్నే ‘ఎస్‌వీఎమ్ మోడ్’ అంటారు. ఎమ్యులేటర్ లోపల ఉండేది ఇంటెల్ ప్రాసెసర్లకు తయారుచేసిన ఆండ్రాయిడ్. ఫోన్ ఆటల్లో ఎక్కువ భాగం ఆర్మ్ ప్రాసెసర్ల కోసం తయారవుతాయి. అంటే ఆట నడుస్తున్నంతసేపూ ఆర్మ్ ఆదేశాలను ఇంటెల్ ఆదేశాలుగా మార్చే పని ఒకటి లోపల జరుగుతూనే ఉంటుంది. వర్చువలైజేషన్ కూడా లేకపోతే ఆ భారం రెండు కోర్ల ప్రాసెసర్‌కు మోయలేనిదవుతుంది.

గ్రాఫిక్స్ గురించి ఒక్క మాట. మీ ప్రాసెసర్‌లోని హెచ్‌డీ 2000కు ఇంటెల్ విండోస్ 10 కోసం ప్రత్యేకంగా డ్రైవర్ విడుదల చేయలేదు. విండోస్ అప్‌డేట్ ద్వారా వచ్చే పాత డ్రైవరే దిక్కు. లూడోలాంటి ఆటలకు అది చాలు గానీ, త్రీడీ రేసింగ్ ఆటలు మాత్రం నల్లతెర చూపించే అవకాశం ఎక్కువ. ఎమ్యులేటర్ సెట్టింగులలో బొమ్మలు గీసే పద్ధతిని ఓపెన్‌జీఎల్ నుంచి డైరెక్ట్ఎక్స్‌కు మార్చి కూడా చూడండి, ఈ తరం చిప్‌లకు కొన్నిసార్లు అదే కుదురుతుంది.

డబ్బు ఖర్చుపెట్టదలిస్తే, ఇంకొక 4 జీబీ డీడీఆర్3 ర్యామ్, ఒక చిన్న సాటా ఎస్‌ఎస్‌డీ వేయించండి. వెర్షన్లు మార్చి చూడటం కన్నా ఆ రెండూ ఎక్కువ మేలు చేస్తాయని నా బల్ల మీది అనుభవం.

తాళంచెవి

పెన్నా గారు చెప్పినదానితో ఏకీభవిస్తూ, ఆయన తాకని రెండో ప్రశ్నకు జవాబు రాస్తున్నాను. హైదరాబాద్‌లో నెట్‌వర్క్ భద్రత నా ఉద్యోగం.

మున్నేరు గారూ, దయచేసి ఆ పెన్‌డ్రైవ్‌లోని ఎమ్యులేటర్‌ను వెంటనే తీసివేసి, కంప్యూటర్‌ను పూర్తిగా స్కాన్ చేయండి. ఇచ్చినవారి మనసులో చెడు ఏమీ లేకపోవచ్చు. అయితే తయారీదారులు తమ సైట్‌లోంచి తొలగించిన పాత ఇన్‌స్టాలర్లు ఎవరెవరో నడిపే డౌన్‌లోడ్ సైట్లలో మిగిలిపోయి ఉంటాయి, వాటికి ఇంకేవో ప్రోగ్రాములు అంటించి పంచిపెట్టడం చాలా ఏళ్లుగా జరుగుతున్న పని. ఏ ఇన్‌స్టాలర్‌నైనా తెరిచే ముందు, ఫైలు మీద కుడి బటన్ నొక్కి, ప్రాపర్టీస్‌లో డిజిటల్ సిగ్నేచర్ అన్న భాగం ఉందా, అందులో తయారీ సంస్థ పేరు ఉందా అన్నది చూడండి. ఆ భాగమే లేకపోతే ఫైలును తెరవకండి.

అసలైన చోటు నుంచి తెచ్చుకున్నది కూడా ఒక్కోసారి దెబ్బతింటుందని చెప్పడానికి 2021లో బయటపడిన సంఘటన ఉంది. నాక్స్‌ప్లేయర్ అనే ఎమ్యులేటర్‌కు అప్‌డేట్లు పంపే వ్యవస్థలోకే దుండగులు చొరబడి, ఎంచుకున్న కొద్దిమంది కంప్యూటర్లకు అప్‌డేట్ రూపంలో నిఘా సాఫ్ట్‌వేర్ పంపారని ఈసెట్ సంస్థ పరిశోధకులు ఆ ఏడాది ఫిబ్రవరి 1న ప్రకటించారు. బాధితులు తైవాన్, హాంకాంగ్, శ్రీలంకలలో ఉన్నారు. ఆ తర్వాత తయారీదారులు అప్‌డేట్లను సురక్షిత మార్గంలో పంపడం, వచ్చిన ఫైలు సరైనదో కాదో సరిచూడటం వంటి ఏర్పాట్లు చేశారు. అంతకుముందు వెర్షన్‌ను ఇవాళ వెతికి తెచ్చుకునేవారికి ఆ ఏర్పాట్లేవీ ఉండవు.

లోపలి ఆండ్రాయిడ్ పాతబడినకొద్దీ వచ్చే ఇబ్బంది ఇంకొకటి ఉంది, దీన్ని చాలామంది నెట్ సమస్య అనుకుని రౌటర్‌ను తిట్టుకుంటారు. ఇంటర్నెట్‌లో చాలా సర్వర్లు లెట్స్ ఎన్‌క్రిప్ట్ అనే సంస్థ ఉచితంగా ఇచ్చే ధ్రువపత్రాలను, అంటే తాము అసలైనవేనని చూపే పత్రాలను, వాడతాయి. వాటిని నమ్మడానికి ఫోన్‌లో ఉండాల్సిన ఆ సంస్థ మూలపత్రం ఆండ్రాయిడ్ 7.1.1 నుంచి మాత్రమే ఫోన్‌లో ముందుగా చేర్చి వస్తోంది. అంతకన్నా పాతవాటి కోసం చేసిన తాత్కాలిక ఏర్పాటు గడువు 2024 సెప్టెంబర్ 30తో తీరిపోయింది. అందుచేత 4.4, 5.1 ఉన్న ఎమ్యులేటర్లలో, నెట్ బాగానే ఉన్నా, కొన్ని ఆటలు కనెక్షన్ లేదని చెబుతాయి. పెన్నా గారు 7.1 దగ్గర ఆగమనడం ఈ కారణం వల్ల కూడా సరైన సలహాయే.

చివరిగా, చాలా ఎమ్యులేటర్లలో రూట్ అనుమతిని, అంటే యాప్‌లకు మొత్తం వ్యవస్థ మీద అధికారాన్ని, ఒక్క మీటతో ఆన్ చేయవచ్చు, కొన్ని పాతవాటిలో అది మొదటి నుంచే ఆన్‌లో ఉంటుంది. దాన్ని ఆపి ఉంచండి. నాన్నగారి అసలు గూగుల్ ఖాతాను, అంటే పింఛను బ్యాంకు సందేశాలూ కుటుంబ ఫొటోలూ ఉన్న ఖాతాను, ఎమ్యులేటర్‌లో పెట్టకండి. ఆట కోసం వేరే ఖాతా తెరవండి. బ్యాంకు యాప్‌లు, యూపీఐ యాప్‌లు అందులో ఎట్టి పరిస్థితిలోనూ వేయవద్దు.

గోదారి_గట్టు

పై ఇద్దరి మాటలూ ఆన్‌లైన్ ఆటలకు పూర్తిగా వర్తిస్తాయి. అయితే ఈ చర్చ చదివినవారు పాత ఎమ్యులేటర్లన్నీ పారవేయవలసినవే అనుకోకూడదని ఇది రాస్తున్నాను. ప్లే స్టోర్ నుంచి తొలగించబడిన ఆటలు, తయారీదారులు వదిలేసిన ఆటలు ఎన్నో ఉన్నాయి. వాటిలో చాలావాటిని 32-బిట్ ఫోన్ల కాలంలో తయారుచేసి మళ్లీ ముట్టుకోలేదు. 64-బిట్ ఆదేశాలు మాత్రమే అర్థం చేసుకునే కొత్త ఫోన్లలో అవి అసలు తెరుచుకోవు. నేను పదేళ్ల క్రితం డబ్బు పెట్టి కొనుక్కున్న రెండు పజిల్ ఆటలు ఈనాటి నా ఫోన్‌లో నడవవు. రాజమహేంద్రవరంలో మా ఇంట్లో ఉన్న పాత ల్యాప్‌టాప్‌లో, ఆండ్రాయిడ్ 5.1 ఉన్న ఎమ్యులేటర్‌లో మాత్రం నిక్షేపంగా నడుస్తున్నాయి. వాటిని కాపాడుకోవడానికి నాకు తెలిసిన మార్గం ఇదొక్కటే, ఆ ల్యాప్‌టాప్‌ను అంత జాగ్రత్తగానూ చూసుకుంటున్నాను.

ఎమ్యులేటర్ వేసిన రోజునే దాని అప్‌డేట్లు ఆపివేశాను, ఆట ఫైళ్లు ఎక్కించాక ల్యాప్‌టాప్ వైఫైని శాశ్వతంగా తీసివేశాను, అందులో ఏ ఖాతా పెట్టలేదు. నెట్ తగలని యంత్రంలో ధ్రువపత్రాల గడువుతో పని లేదు. మున్నేరు గారి అవసరం దీనికి పూర్తిగా వేరు, మస్కట్‌తో కలవాలంటే నెట్ ఉండాల్సిందే కదా.

మరొక జాగ్రత్త. 7.1లో 32-బిట్, 64-బిట్ అని రెండు రకాలు ఇస్తారు. 32-బిట్ రకం తక్కువ ర్యామ్‌తో సరిపెట్టుకుంటుంది గానీ, 64-బిట్ రూపంలో మాత్రమే వచ్చే ఆటలను అది తీసుకోదు. అందువల్ల ముందు 32-బిట్‌లో ప్రయత్నించి, ఆట ఎక్కకపోతేనే రెండో దానికి వెళ్లండి.

మున్నేరు_ఒడ్డు

ముగ్గురికీ కృతజ్ఞతలు. తాళంచెవి గారు చెప్పినట్టు పాతదాన్ని తీసివేసి స్కాన్ చేశాను. అనుమానించదగిన ఫైళ్లు రెండు దొరికాయి, తొలగించాను. వర్చువలైజేషన్ నిజంగానే ఆపివేసి ఉంది. దాన్ని ఆన్ చేసి, తయారీదారుల సైట్ నుంచే తెచ్చిన ఎమ్యులేటర్‌లో 7.1 32-బిట్ ఎంచుకుని, 1 జీబీ ర్యామ్ కేటాయించాను. ఇప్పుడు రెండున్నర నిమిషాలలో తెరుచుకుంటోంది. కంప్యూటర్‌తో ఆడే ఆట పరవాలేదు. కానీ అక్కతో ఆన్‌లైన్‌లో మాటలు కూడా కలిపి ఆడితే పాచిక తడబడుతోంది, గొంతు ముక్కలు ముక్కలుగా వినబడుతోంది. ర్యామ్ కొనడానికి వెనుకాడను గానీ, అంతకుముందు ఇంకేదైనా దారి ఉందేమో అని అడుగుతున్నాను. మా మేనల్లుడు ఇందులో బీజీఎమ్ఐ అనే తుపాకుల ఆట కూడా ఆడవచ్చా అని అడుగుతున్నాడు.

తెర_చాలు

మున్నేరు గారూ, మేనల్లుడి సంగతి ముందు చెప్పేస్తాను. బీజీఎమ్ఐ ఎమ్యులేటర్లను అనుమతించదు. అడ్డదారిలో ఆడిస్తే ఖాతా నిషేధానికి గురవుతుంది కాబట్టి ఆ ఆలోచన మాన్పించండి.

ఇక నాన్నగారి విషయం. మీ మొదటి ప్రశ్నను మరోసారి చదివాను. ఆట ఫోన్‌లో చక్కగానే నడుస్తోంది. ఇబ్బంది తెర చిన్నది కావడంతోనూ, వేలి స్పర్శతోనూ మాత్రమే వచ్చింది. అలాంటప్పుడు ఆటను కంప్యూటర్‌లో నడపవలసిన అవసరమే లేదు. ఆటను ఫోన్‌లోనే నడవనిచ్చి, దాని తెరను మానిటర్ మీదికి తెచ్చి, మౌస్‌తో ఫోన్‌ను నడిపిస్తే సరిపోతుంది. దీనికి ఒక ఉచిత ప్రోగ్రామ్ ఉంది. ఎస్, సీ, ఆర్, సీ, పీ, వై అనే ఆరు అక్షరాలతో రాసి, ‘స్క్రీన్ కాపీ’ అని పలుకుతారు. జెనీమోషన్ ఎమ్యులేటర్ తయారుచేసిన బృందం నుంచే 2018లో వచ్చింది, దాని సోర్సు కోడ్ అందరికీ అందుబాటులో ఉంది. ఆండ్రాయిడ్ 5.0, ఆపైన ఉన్న ఏ ఫోన్‌తోనైనా పనిచేస్తుంది. ఫోన్‌లో ఆండ్రాయిడ్ 11 గానీ అంతకన్నా కొత్తది గానీ ఉంటే ధ్వని కూడా కంప్యూటర్ స్పీకర్లలోకి వస్తుంది. కంప్యూటర్ చేసే పని వచ్చిన వీడియోను చూపించడం ఒక్కటే కాబట్టి మీ ఐ3కి అది భారం కాదు.

చేయవలసింది ఇంతే. ఫోన్ సెట్టింగులలో ‘అబౌట్ ఫోన్’లోకి వెళ్లి, బిల్డ్ నంబర్ మీద వరుసగా ఏడుసార్లు నొక్కితే డెవలపర్ ఆప్షన్లు కనబడతాయి. అందులో యూఎస్‌బీ డీబగ్గింగ్ ఆన్ చేయండి. షియోమీ ఫోన్ అయితే దాని కిందనే ఉండే ‘యూఎస్‌బీ డీబగ్గింగ్ (సెక్యూరిటీ సెట్టింగ్స్)’ కూడా ఆన్ చేయాలి, లేకపోతే తెర కనబడుతుంది గానీ మౌస్ పనిచేయదు. డేటా పోయే కేబుల్‌తో ఫోన్‌ను కలిపి, ఫోన్ అడిగే అనుమతి ఇచ్చి, ప్రోగ్రామ్ తెరవండి. కొన్ని చవక కేబుళ్లు ఛార్జింగ్‌కు మాత్రమే పనికొస్తాయి, ఫోన్ కనబడకపోతే ముందు కేబుల్ మార్చి చూడండి. ప్రోగ్రామ్‌ను దాని అధికారిక గిట్‌హబ్ పేజీ నుంచి మాత్రమే తెచ్చుకోండి, దీని పేరుతో నకిలీ సైట్లు ఉన్నాయి.

ఆట ముగిశాక యూఎస్‌బీ డీబగ్గింగ్ ఆపివేయడం మరచిపోవద్దు. ఫోన్ భద్రత కోసమే కాకుండా, అది ఆన్‌లో ఉంటే కొన్ని బ్యాంకు యాప్‌లు తెరుచుకోవు కూడా.

మున్నేరు_ఒడ్డు

నిన్న శుక్రవారం. తెర_చాలు గారు చెప్పినట్టే చేశాను. నాన్నగారి ఫోన్‌లో ఆండ్రాయిడ్ 12 ఉంది కాబట్టి ధ్వని కూడా స్పీకర్లలోకి వచ్చింది. మాట్లాడటానికి ఫోన్ మైకే పనిచేస్తుంది కాబట్టి ఫోన్‌ను మానిటర్ పక్కనే స్టాండు మీద నిలబెట్టాం. రాత్రి ఏడు నుంచి తొమ్మిదిన్నర వరకు నాలుగు ఆటలు ఆడారు, పాచిక ఒక్కసారి కూడా తడబడలేదు. ఎమ్యులేటర్‌ను తీసివేశాను.

ఒక్క చిక్కు మిగిలింది. నాన్నగారు పొరపాటున మౌస్ కుడి బటన్ నొక్కినప్పుడల్లా ఆట నుంచి బయటికి రావాలా అని ఫోన్ అడుగుతోంది. దీన్ని ఆపే వీలుందా?

తెర_చాలు

ఉంది. ఈ ప్రోగ్రామ్‌లో కుడి బటన్‌కు ఫోన్‌లోని ‘వెనుకకు’ మీట పని అప్పగించి ఉంటుంది. ప్రోగ్రామ్‌ను ప్రారంభించే ఆదేశానికి ‘మౌస్ బైండ్’ అనే ఆప్షన్ జోడించి ఆ పనిని మార్చుకోవచ్చు. అధికారిక పేజీలోని మౌస్ అధ్యాయంలో దాన్ని ఎలా రాయాలో ఉంది. ఆ ఆదేశాన్ని ఒక బ్యాచ్ ఫైలులో రాసి డెస్క్‌టాప్ మీద పెట్టండి. నాన్నగారు దాని మీద రెండుసార్లు నొక్కితే, ఆ మార్పుతోనే ప్రోగ్రామ్ తెరుచుకుంటుంది.